వంతెన మీద జనం, తెర మీద జనం

పులిగడ్డ దగ్గర కృష్ణ రెండు పాయలుగా చీలుతుంది. ఆ పాయల మధ్య ఉన్న నేలే దివిసీమ. మూడో పక్క సముద్రం. మోపిదేవి వైపు నుంచి అవనిగడ్డ పోవాలంటే పులిగడ్డ అక్విడక్టు దాటాలి. అక్విడక్టు అంటే నీళ్ల వంతెన. కింద కృష్ణ పాయ ఉంటుంది. పైన కాలువ పారుతుంది. బెజవాడ దగ్గర బయలుదేరిన కాలువ నీళ్లు ఇక్కడ ఏటిని దాటి అవతలి పొలాలకు పోతాయి. ఏటి మీద నీళ్లు నడిచిపోతున్నాయన్నమాట! నీళ్లతో పాటే మనుషులూ దాటుతారు.

తెల్లవారగానే ఎవరెవరు దాటుతారు? పాల క్యాన్లు తగిలించుకున్న సైకిళ్లు, మోటారు సైకిళ్లు వస్తాయి. చేపల బుట్టలతో ఆటోలు వస్తాయి. నాట్ల రోజుల్లో కూలీ ముఠాలు వస్తాయి. టీచరు ఉద్యోగాల పరీక్షలకు చదువుకోడానికి అవనిగడ్డ వచ్చే పిల్లలు సంచులు తగిలించుకుని బస్సుల్లో వస్తారు. ఎవరి తొందర వారిది. ఒకరి మొహం ఒకరు చూసుకునే తీరిక కూడా ఉండదు.

ఇలా దాటిపోయే జనాన్ని ఎవరైనా పనిగట్టుకుని సినిమా తీస్తారా? అందులో పాట లేదు, ఫైటు లేదు, కథ లేదు. అలాంటి సినిమా ఎవరు చూస్తారు అనిపిస్తుంది.

కానీ తీశారు. జనం డబ్బిచ్చి మరీ చూశారు. ప్రపంచంలో సినిమా పుట్టిన కొత్తలో తీసిన బొమ్మల్లో ఇలాంటివి బోలెడు. రద్దీగా ఉండే ఊరు, ఆ ఊళ్లో ఒక వంతెన, వంతెన మీద బళ్లు, మనుషులు. అంతే!

రెండు సెకన్ల సినిమా

ఇంగ్లండు దేశంలో లీడ్స్ అని ఒక ఊరుంది. అది బట్టల మిల్లుల ఊరు. ఊరి మధ్య నది. నది మీద వంతెన. 1888 అక్టోబరులో లూయీ ల ప్రాన్స్ అనే ఆయన ఆ వంతెన పక్కన ఇనప సామాను అమ్మే కొట్టు మేడ ఎక్కాడు. ఆయన ఫ్రాన్సు దేశస్థుడు. లీడ్సులో స్థిరపడ్డాడు. తానే తయారు చేసుకున్న కెమెరాను కిటికీలో పెట్టాడు. కింద వంతెన మీద పోయే గుర్రపు బళ్లను, నడిచిపోయే మనుషులను బొమ్మ తీశాడు.

అందులో ఇప్పుడు మిగిలింది ఇరవై బొమ్మలు. వరసగా తిప్పితే రెండు సెకన్లలో అయిపోతాయి. సెకను అంటే ఎంత? నెమ్మదిగా "ఒకటి" అనేంత సేపు. "ఒకటి, రెండు" అనేలోపు ఆ సినిమా అయిపోతుంది. అయినా ప్రపంచంలో మిగిలిన అతి పాత సినిమా ముక్కల్లో అది ఒకటి.

ల ప్రాన్స్ తన సినిమాను పదిమందికీ చూపించుకోలేకపోయాడు. 1890 సెప్టెంబరులో ఫ్రాన్సులో దిజోన్ అనే ఊళ్లో రైలెక్కాడు. ప్యారిస్ పోవాలి. పోలేదు. ఆయన ఏమయ్యాడో ఇప్పటికీ తేలలేదు. ఆయన తీసిన కాగితపు బొమ్మలు మాత్రం మిగిలాయి. చాలా ఏళ్ల తర్వాత లండను మ్యూజియంవాళ్లు వాటికి నకళ్లు తీశారు.

ఇంతకీ బొమ్మ ఎలా కదులుతుంది? నిజానికి బొమ్మ కదలదు. దీపావళినాడు పిల్లలు వెలిగే కాకరపువ్వొత్తిని గిరగిరా తిప్పుతారు. చూసేవాళ్లకు నిప్పు చక్రం కనిపిస్తుంది. అక్కడ చక్రం లేదు. ఉన్నది ఒక్క నిప్పే. అది అంత తొందరగా తిరిగేసరికి మన కన్ను, మెదడు కలిసి దాన్ని చక్రంగా చేసుకుంటాయి. సినిమా కూడా కంటికి, మెదడుకు మధ్య జరిగే ఇలాంటి మాయే. మనిషి కాలు ఎత్తిన బొమ్మ ఒకటి. కొంచెం ముందుకు వేసిన బొమ్మ ఒకటి. నేల మీద ఆనించిన బొమ్మ ఒకటి. ఇలాంటివి సెకనుకు పదహారో, పద్దెనిమిదో గబగబా కంటి ముందు నుంచి పోతే మనిషి నడిచినట్టే ఉంటుంది.

వంతెనే ఎందుకు?

ఆనాటి కెమెరా బరువైన చెక్కపెట్టె. మూడు కాళ్ల స్టాండు మీద పెట్టి, పక్కనున్న పిడిని చేత్తో తిప్పాలి. ఎద్దు వెంట రైతు పోయినట్టు మనిషి వెంట కెమెరా పోలేదు. ఉన్నచోటే ఉంటుంది. రీలు కూడా పొట్టిది. ఒక రీలు యాభై సెకన్లు ఆడితే గొప్ప. ఎండ బాగా ఉంటేనే బొమ్మ పడుతుంది. ఇంట్లో, నీడలో, రాత్రిపూట తీయడానికి కుదరదు.

అంటే యాభై సెకన్లలోపు, పట్టపగలు, కెమెరా ముందుకు జనం తమంతట తామే రావాలి. అలాంటి చోటు ఏది? కాలువ ఇరుకులో వల పెడితే ఏమవుతుంది? ఎక్కడెక్కడి చేపలూ అక్కడికే రావాలి. వంతెన కూడా అంతే. ఊళ్లో దారులు వంద ఉండవచ్చు. ఏరు దాటే దారి మాత్రం ఒకటే. దొర అయినా, కూలీ అయినా, చేపలమ్మే మనిషైనా, పోలీసైనా ఆ దారినే పోవాలి. పైన చెట్టు ఉండదు, చూరు ఉండదు. కావలసినంత వెలుతురు.

అందుకే కెమెరా పట్టుకున్న వాళ్లంతా వంతెనల దగ్గరికి పోయారు. 1896లో లండనులో థేమ్స్ నది మీది బ్లాక్‌ఫ్రయర్స్ వంతెనను రాబర్ట్ పాల్ తీశాడు. అదే ఏడు ఫ్రాన్సు నుంచి వచ్చిన లూమియేర్ కంపెనీవాళ్లు లండనులోనే వెస్ట్‌మినిస్టర్ వంతెన తీశారు. 1899లో అమెరికాలో ఎడిసన్ కంపెనీవాళ్లు మరో ఉపాయం పన్నారు. న్యూయార్కులో బ్రూక్లిన్ వంతెన మీద రైలు పోతుంది. కెమెరాను ఆ రైలు ముందు భాగంలో పెట్టారు. కెమెరా నడవలేకపోతేనేం, రైలు నడుస్తుంది గదా! చూసేవాళ్లకు తామే వంతెన దాటుతున్నట్టు ఉంటుంది.

లూమియేర్ అన్నదమ్ములు 1895 డిసెంబరు 28న ప్యారిస్‌లో టిక్కెట్టు పెట్టి సినిమా చూపించారు. ఆర్నెల్లు దాటగానే, 1896 జూలై 7న, వాళ్ల మనుషులు బొంబాయిలో వాట్సన్ హోటల్లో ఆట వేశారు. టిక్కెట్టు రూపాయి. ఆ రోజుల్లో వ్యవసాయ కూలీకి రోజుకు కొన్ని అణాలు వచ్చేవి. రూపాయి అంటే కొన్ని రోజుల కష్టం. ఎవరు చూసి ఉంటారో మీరే ఊహించండి.

లూమియేర్‌వాళ్ల పెట్టెకు ఒక గొప్ప గుణం ఉంది. అదే బొమ్మ తీస్తుంది, అదే నకలు తీస్తుంది, అదే తెర మీద చూపిస్తుంది. దాన్ని పట్టుకుని వాళ్ల మనుషులు దేశదేశాలు తిరిగారు. పోయిన ఊళ్లో వీధిని తీసి ఆ ఊరివాళ్లకే చూపించేవారు. తమను తాము చూసుకోడానికి జనం టిక్కెట్టు కొనేవారు. తీసిన బొమ్మల్ని వేరే దేశాలకూ పట్టుకుపోయేవారు. ఇల్లు కదలనివాళ్లు పరాయి ఊళ్లను కుర్చీలో కూర్చుని చూసేవారు. వీటినే ప్రయాణ చిత్రాలన్నారు.

ఏం చూడాలి?

ఇప్పుడు ఈ పాత సినిమాలు సెల్‌ఫోనులో కూడా దొరుకుతున్నాయి. ఒకసారి చూస్తే ఏమీ లేదనిపిస్తుంది. నాలుగు సార్లు చూస్తే ఒక్కొక్కటీ బయటపడుతుంది.

బ్లాక్‌ఫ్రయర్స్ వంతెన బొమ్మనే తీసుకోండి. నిమిషం కంటే తక్కువే. ముందు బళ్లను చూడాలి. కారు లేదు, లారీ లేదు. అన్నీ గుర్రాలు లాగేవే. బస్సును కూడా గుర్రాలే లాగుతాయి. దాని మీద మేడ ఉంటుంది. మేడ మీద కప్పు లేదు. వాన వస్తే తడవాల్సిందే. గుర్రం ఉంటే పేడ ఉంటుంది. ఆ రోజుల్లో లండనులో గుర్రాలు లక్షల్లో ఉండేవి. ఆ పేడ ఎత్తిపోయడానికి, నడిచేవాళ్లకు దారి ఊడ్చి నాలుగు పైసలు అడుక్కోడానికి వేరే జనం ఉండేవారు. వాళ్లలో చిన్నపిల్లలూ ఉండేవారు. లండను అంటే మనకు రాజు, రాణి, కోట గుర్తొస్తాయి. పేడ ఊడ్చే పిల్లలు ఎవరికీ గుర్తురారు.

తర్వాత తలల్ని చూడాలి. నెత్తిన టోపీ లేని మగవాడు కనబడటం కష్టం. పొడుగాటి నల్ల టోపీ పెట్టుకుంటే పెద్దమనిషి. మెత్తటి చిన్న టోపీ పెట్టుకుంటే పనివాడు. మన పెద్దవాళ్లు తలపాగాను బట్టి, కండువాను బట్టి మనిషిని పోల్చేవారు గదా, అలాంటిదే అది. సినిమా తీసినవాడు ఎవరికీ చెప్పలేదు, ఎవరి వేషమూ మార్చలేదు. అయినా ఎవరు ఉన్నవాడో, ఎవరు లేనివాడో నెత్తి మీదే ఉంది.

కాళ్లు చూడాలి. ఎవరు నడుస్తున్నారు, ఎవరు బండి మీద పోతున్నారు? చేతులు చూడాలి. ఎవరు మోస్తున్నారు, ఎవరు ఊరికే ఊపుకుంటూ పోతున్నారు? ఆడవాళ్లు ఎందరో లెక్కపెట్టాలి. వాళ్లలో ఒంటరిగా నడిచేవాళ్లు ఎందరో చూడాలి. బొమ్మలో ఉన్నవాళ్లనే కాదు, లేనివాళ్లనూ తలుచుకోవాలి. రాత్రి పనికి పోయి పగలు నిద్రపోయేవాళ్లు అందులో ఉండరు. ఇంట్లో గిన్నెలు తోమే మనిషి ఉండదు. మంచంలో ఉన్న ముసలివాళ్లు ఉండరు. కెమెరా ఎండలో ఉన్నవాళ్లనే చూసింది.

ఇంకో సంగతి. కొందరు నడుస్తూ నడుస్తూ కెమెరా వంక తిరిగి చూస్తారు. అదేమిటో వాళ్లకు తెలియదు. పెట్టె పక్కన నిలబడి ఒకాయన పిడి తిప్పుతున్నాడు, అంతవరకే కనిపించింది. "ఎవడో పిచ్చోడులే" అనుకుని పోయినవాళ్లూ ఉంటారు. ఆ చూపు నూట ఇరవై ఏళ్లు దాటి ఇవాళ మన కళ్లలోకి సూటిగా వస్తుంది. కథా సినిమాల్లో ఇలా జరగనివ్వరు. కెమెరా వంక చూడొద్దని నటులకు ముందే చెబుతారు.

మరి పాత సినిమాల్లో మనుషులు ఎందుకు అంత గబగబా, కీ ఇచ్చిన బొమ్మల్లా నడుస్తారు? ఆ కాలంవాళ్లకు తొందర ఎక్కువా? కాదు. ఇది లెక్కలో పొరపాటు. అప్పుడు సెకనుకు పదహారు బొమ్మలు తీశారనుకుందాం. నిమిషానికి ఎన్ని? 16 × 60 = 960 బొమ్మలు. తర్వాత మాటలొచ్చిన సినిమాల కాలంలో, అంటే 1930 నాటికి, మిషన్లు సెకనుకు 24 బొమ్మలు చూపించడం మొదలుపెట్టాయి. ఆ 960 బొమ్మల్ని కొత్త మిషను మీద వేస్తే? 960 ÷ 24 = 40. నిమిషం నడక నలభై సెకన్లలో అయిపోతుంది. అందుకే పరుగులాగా కనిపిస్తుంది. వేగం సరిచేసి చూస్తే వాళ్లూ మనలాగే నడుస్తారు. కొందరు కాళ్లీడ్చుకుంటూ కూడా నడుస్తారు.

ఈ మధ్య కంప్యూటరుతో ఈ బొమ్మలకు రంగులు వేస్తున్నారు. గుర్రపు డెక్కల చప్పుడు కలుపుతున్నారు. చూడ్డానికి బాగుంటుంది. కానీ ఆ చీర ఎరుపో, ఆ కోటు నీలమో ఎవరూ చూడలేదు. రంగు ఈనాటివాళ్ల ఊహ. నడక మాత్రం నిజం.

బందరు మనిషి, మద్రాసు మిషను

ఈ కదిలే బొమ్మల్ని మన వైపు ఊరూరా తిప్పినవాళ్లలో ముందు చెప్పుకోవలసిన మనిషి బందరువాడే. ఆయన పేరు రఘుపతి వెంకయ్య. 1869లో మచిలీపట్నంలో పుట్టాడు. కుర్రతనంలోనే మద్రాసు పోయాడు. అక్కడ ఫొటో స్టూడియో పెట్టుకుని బాగానే సంపాదించాడు.

1910 ప్రాంతంలో ఆయనకు ఒక కొత్త మిషను సంగతి తెలిసింది. దాని పేరు క్రోనో మెగాఫోన్. ఒక పక్క తెర మీద బొమ్మ కదులుతుంది. మరో పక్క గ్రామఫోను రికార్డు తిరుగుతూ పాటో, మాటో వినిపిస్తుంది. బొమ్మకూ రికార్డుకూ కుదిరితే బొమ్మే పాడినట్టు ఉంటుంది. కుదరకపోతే నవ్వులే. వెంకయ్య స్టూడియోను తాకట్టు పెట్టి ఆ మిషను తెప్పించాడని సినిమా చరిత్ర రాసినవాళ్లు చెబుతారు. నడుస్తున్న కొట్టును తాకట్టు పెట్టి బొమ్మలాట మిషను కొనడం! ఇంట్లోవాళ్లు ఏమన్నారో ఎవరూ రాయలేదు గానీ, ఊహించుకోవచ్చు.

మద్రాసు విక్టోరియా హాలులో ఆటలు వేశాడు. తర్వాత మిషను, రీళ్లు, తెర మూట కట్టుకుని బయలుదేరాడు. దక్షిణాదిన ఊళ్లు తిరిగాడు. సింహళం పోయాడు. ఓడెక్కి బర్మా పోయాడు. అప్పటికే బర్మాలో తెలుగు కూలీలు వేలకు వేలు ఉండేవారు. రేవుల్లో మూటలు మోసేవారు, ధాన్యం మిల్లుల్లో పని చేసేవారు. మన తీరం నుంచి రంగూను పోయి రావడం ఆ రోజుల్లో మామూలు మాట.

ఆ కాలంలో ఇలాంటి ఆటల్లో ఒక్కటే పెద్ద సినిమా ఉండేది కాదు. పొట్టి పొట్టి బొమ్మలు పది, పదిహేను కలిపి వేసేవారు. ఒకటి రైలు, ఒకటి సముద్రం, ఒకటి ఊరేగింపు, ఒకటి నవ్వులాట, మరొకటి పరాయి దేశపు వీధి. ఊరు దాటి ఎరగనివాళ్లు మొదటిసారి పరాయి దేశపు మనుషులు రోడ్డు మీద ఎలా నడుస్తారో అలా చూశారు.

వెంకయ్య తర్వాత మద్రాసు మౌంట్ రోడ్డులో గెయిటీ అనే సినిమా హాలు కట్టించాడు. దక్షిణాదిన ఒక భారతీయుడు కట్టించిన తొలి సినిమా హాలుగా దాన్ని చెబుతారు. ఆ తర్వాత క్రౌన్, గ్లోబ్ హాళ్లు పెట్టాడు. కొడుకు ప్రకాశ్‌ను సినిమా పని నేర్చుకోడానికి పై దేశాలకు పంపించాడు. కొడుకు తిరిగొచ్చాక తండ్రీ కొడుకులు మద్రాసులో "భీష్మ ప్రతిజ్ఞ" తీశారు. అది 1921 నాటి మూకీ సినిమా. మూకీ అంటే మాటలు లేనిది. తెలుగువాళ్లు తీసిన మొదటి కథా సినిమా అదే. వెంకయ్య 1941లో పోయాడు. ఆయన పేరు మీద ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1980 నుంచి సినిమా పెద్దలకు అవార్డు ఇవ్వడం మొదలుపెట్టింది.

బందరు రైలు కూడా ఈ కథలో ఉంది. బెజవాడ నుంచి గుడివాడ మీదుగా బందరుకు 1908లో రైలు పడింది. ఆ రోజుల్లో సినిమా రీళ్లు రేకు పెట్టెల్లో రైళ్ల మీద, బళ్ల మీద ఊరు మారేవి. బెజవాడలో మారుతీ టాకీసు 1921లో వచ్చింది. చిన్న ఊళ్లకు డేరా సినిమాలే దిక్కు. నేల టిక్కెట్టు, బెంచీ టిక్కెట్టు, వెనక కుర్చీ టిక్కెట్టు. ఆ తర్వాతి కాలంలో గుడివాడ చుట్టుపక్కల ఊళ్ల నుంచే అక్కినేని నాగేశ్వరరావు, ఘంటసాల వచ్చారు. పామర్రు దగ్గర నిమ్మకూరు నుంచి ఎన్టీ రామారావు వచ్చారు. ఆ కథ అందరికీ తెలిసిందే, ఇక్కడ అక్కరలేదు.

మూకీ సినిమాలో మాటలకు బదులు మధ్య మధ్య తెర మీద అక్షరాలు వచ్చేవి. చదువు వచ్చినవాళ్లు చదువుకునేవారు. రానివాళ్లు? హాల్లో ఒక మనిషి నిలబడి పెద్దగా చదివి చెప్పేవాడు. చాలా చోట్ల దానికి జీతం కూడా ఇచ్చేవారు. ఆ మనిషి రాని రోజు పక్కవాళ్లను అడగాల్సిందే. "ఏమయ్యా, ఏమని రాశారు?" "ఆగు పెద్దమ్మా, బొమ్మ చూడనీ!" ఇలాంటి మాటలు ఎన్ని డేరాల్లో వినిపించి ఉంటాయో! వంతెన మీద జనం బొమ్మకు మాత్రం ఎవరూ చదివి చెప్పనక్కరలేదు. గంప నెత్తిన పెట్టుకున్న మనిషిని చూస్తే బరువు ఎంతో చూసేవాళ్లకే తెలుస్తుంది.

మిగిలినవి, పోయినవి

"భీష్మ ప్రతిజ్ఞ" ఇవాళ చూద్దామంటే దొరకదు. అదొక్కటే కాదు. మన దేశంలో మూకీలు వెయ్యికి పైగా తీశారు. వాటిలో మిగిలినవి చాలా కొద్ది. అవి కూడా చాలావరకు ముక్కలు.

ఎందుకు పోయాయి? ఆనాటి ఫిల్ము నైట్రేటు అనే పదార్థంతో చేసింది. అది ఎండుగడ్డి కంటే తొందరగా అంటుకుంటుంది. ఒకసారి అంటుకుంటే నీళ్లలో ముంచినా ఆరదు. అంటుకోకపోయినా వేడికి, చెమ్మకు జిగురుగా మారి, చివరికి పొడి అయిపోతుంది. మన తీరప్రాంతంలో వేడికీ చెమ్మకూ కొదవా? పైగా ఫిల్ములో కాస్త వెండి ఉంటుంది. ఆడటం అయిపోయిన సినిమాను వెండి కోసం కరిగించినవాళ్లూ ఉన్నారు. పాత సినిమాలను దాచడానికి ప్రభుత్వం 1964లో పూనాలో ఫిల్ము భాండాగారం పెట్టింది. అప్పటికే చాలా పోయాయి.

వంతెనలూ పోతాయి. కలకత్తా, హౌరా మధ్య 1874లో కట్టిన వంతెన నీళ్ల మీద తేలేది. పెద్ద పెద్ద పడవల్లాంటి వాటిని వరసగా కట్టి, పైన బల్లలు పరిచి దారి చేశారు. ఓడలు వస్తే మధ్య భాగం పక్కకు తీసేవారు. ఓడ దాటేదాకా ఇటువాళ్లు ఇటు, అటువాళ్లు అటు. గేటు పడితే గుడివాడలో రైలు గేటు దగ్గర ఆగిపోయినట్టే! 1943లో ఇప్పటి ఇనప వంతెన వచ్చింది. తేలే వంతెనను ఊడదీశారు. దాన్ని ఇప్పుడు పాత బొమ్మల్లోనే చూడాలి.

బెజవాడలో కృష్ణ మీద రైలు వంతెన 1893లో వచ్చింది. మనుషులు, బళ్లు సులువుగా దాటే దారి ప్రకాశం బ్యారేజితో 1957లో వచ్చింది. అంతకు ముందు అక్కడ ఆనకట్ట ఉండేది. 1850ల్లో కట్టారు. దానికి 1952లో గండి పడింది. ఆ ఆనకట్ట కాలంలో రేవుల్లో పడవ కోసం ఎదురు చూసిన జనం ఎలా ఉండేవారు? పులిగడ్డ, పెనుమూడి రేవు సంగతి ఇంకా దగ్గరిది. అక్కడ కృష్ణ మీద పెద్ద వంతెన 2000 తర్వాతే వచ్చింది. దానికి ముందు రేపల్లె వైపు పోవాలంటే పడవే గతి. పడవలో మనుషులు, సైకిళ్లు, మేకలు, కూరగాయల బుట్టలు, పెళ్లివారు. ఆ పడవ ఎక్కిన మనుషులు ఇంకా ఉన్నారు. అడిగితే చెబుతారు. ఏ సరంగు ఎంత తీసుకునేవాడో, గాలి తిరిగితే ఎంతసేపు నీళ్ల మీద ఉండాల్సి వచ్చేదో లెక్క తప్పకుండా చెబుతారు.

దివిసీమలో ఈ మాటకు బరువు ఎక్కువ. 1977 నవంబరు 19న ఉప్పెన వచ్చింది. వేలమంది పోయారు. ఊళ్లకు ఊళ్లే తుడిచిపెట్టుకుపోయాయి. ఇళ్లు పోయినచోట గోడలకు తగిలించిన పటాలూ పోయాయి. ట్రంకు పెట్టెల్లో దాచుకున్న పెళ్లి ఫొటోలు, పొలం కాగితాలు పోయాయి. తాత మొహం ఎలా ఉండేదో చూపించడానికి ఒక్క బొమ్మ కూడా లేని ఇళ్లు అక్కడ ఉన్నాయి. లీడ్స్ వంతెన మీద 1888లో నడిచిన ముక్కూమొహం తెలియని మనిషి బొమ్మ మిగిలింది. సొంత తాత బొమ్మ మిగలలేదు.

ఇప్పుడు ఫోను లేని ఇల్లు తక్కువ. సంక్రాంతికి, పెళ్లికి వీడియోలు తీస్తున్నారు. అయితే పండగ బట్టల్లో తప్ప మనుషుల్ని తీసేవాళ్లు అరుదు. నాట్లు వేసి బురద కాళ్లతో వంతెన దాటే అమ్మను ఎవరూ తీయరు. "ఇలా ఉన్నానురా, ఇప్పుడు తీస్తావా!" అని అమ్మ కూడా కసురుతుంది. తీసినా ఎక్కడ తీశారో, ఎప్పుడు తీశారో, ఎవరెవరు ఉన్నారో రాయరు. పదేళ్లు పోతే తీసినవాళ్లకే గుర్తుండదు.

పేరు రాయకపోతే ఏమవుతుంది? తప్పు పేరు రాస్తే ఏమవుతుంది? 1899లో ఇంగ్లీషువాళ్లు మన దేశంలో ఒక ప్రయాణ చిత్రం తీశారు. పడవలో కెమెరా పెట్టి నది ఒడ్డును చూపించుకుంటూ పోయారు. భారతదేశంలో తీసి, ఇప్పటికీ మిగిలిన అతి పాత సినిమాల్లో అది ఒకటి. దానికి "కలకత్తా దృశ్యం" అని అర్థం వచ్చే పేరు పెట్టారు. లండనులో చూసినవాళ్లు కలకత్తా అనే అనుకున్నారు. వాళ్లకు ఏ ఊరైనా ఒకటే. వింతగా ఉంటే చాలు. కానీ ఆ మెట్లు, ఆ గుళ్లు చూస్తే మన దేశంలో కాశీ యాత్ర చేసిన ఏ ముసలమ్మ అయినా చెప్పేస్తుంది. అది కలకత్తా కాదు, కాశీ. అది గంగ ఒడ్డు.

తప్పు అని తెలిశాక కూడా ఆ సినిమా పాత పేరుతోనే నడుస్తోంది. మెట్ల మీద జనం ఉన్నారు. పడవ వాళ్ల ముందు నుంచి మెల్లగా పోతుంది. వాళ్లలో ఒక్కరి పేరు కూడా ఎక్కడా రాసి లేదు.